లార్డ్ మాన్స్‌ఫీల్డ్ చుట్టూ అల్లుకున్న అపోహలు - వాస్తవాలు

బీమా దావాలు వాదించే మాకు లార్డ్ మాన్స్‌ఫీల్డ్ పేరు ఎత్తకుండా పని జరగదు. స్కాట్లండ్‌లోని స్కోన్‌లో 1705లో స్టార్‌మంట్ ప్రభువు ఇంట పుట్టిన విలియం మర్రేయే ఆయన. 1756 నుంచి 1788 వరకు ఇంగ్లండ్‌లో కింగ్స్ బెంచ్ అనే ఉన్నత న్యాయస్థానానికి ప్రధాన న్యాయమూర్తి. తీర్పులు చదవకుండా పేరు మాత్రం వాడుకోవడం వల్ల ఆయన అనని మాటలెన్నో ఆయన ఖాతాలో పడ్డాయి.

అపోహ: కార్టర్ వర్సెస్ బోమ్ (1766) బీమాదారుకు అనుకూలమైన తీర్పు.

వాస్తవం: ఆ కేసులో గెలిచింది పాలసీ తీసుకున్న పక్షమే. సుమత్రాలోని ఫోర్ట్ మార్ల్‌బరో కోట శత్రువుల చేతికి చిక్కితే కలిగే నష్టానికి గవర్నర్ కార్టర్ కోసం లండన్‌లో బీమా తీసుకున్నారు. 1760లో ఫ్రెంచివారు కోటను పట్టుకున్నారు. కోట బలహీనతను దాచారని బీమాదారు వాదించాడు. యుద్ధ పరిస్థితి లండన్‌లోనే బాగా తెలుస్తుందని, ఏమీ అడగకుండా ప్రీమియం తీసుకుని నష్టం వచ్చాక తప్పుపట్టడం చెల్లదని మాన్స్‌ఫీల్డ్ తేల్చారు. అత్యంత సద్భావం, అంటే ముఖ్యమైన సంగతులు దాచకుండా నిజాయతీగా ఉండటం, ఇరుపక్షాల బాధ్యత. మన 1963 సముద్ర బీమా చట్టం 19వ సెక్షన్ కూడా ఏ పక్షం సద్భావం తప్పినా రెండో పక్షం ఒప్పందాన్ని రద్దు చేసుకోవచ్చనే చెబుతుంది. క్లెయిము తిరస్కరణ లేఖల్లో ఈ సగం కనిపించదు.

అపోహ: సోమర్‌సెట్ తీర్పుతో బానిసత్వం రద్దయింది.

వాస్తవం: జమైకాకు పంపి అమ్మేయడానికి ఓడలో బంధించిన జేమ్స్ సోమర్‌సెట్‌ను మాన్స్‌ఫీల్డ్ 1772 జూన్ 22న విడుదల చేశారు. ఇంతటి హేయమైన వ్యవస్థను స్పష్టమైన శాసనం తప్ప మరేదీ నిలబెట్టలేదన్నారు. ఆ మాట గొప్పదే. కానీ తేలింది, బానిసను బలవంతంగా దేశం దాటించకూడదన్నంత వరకే. 1785లో ఆ హద్దును ఆయనే గుర్తుచేశారు. బానిసత్వాన్ని తమ చట్టం గుర్తించదన్న వేరే తీర్పు స్కాట్లండ్‌లో 1778లో వచ్చింది. తన ఇంట పెరిగిన, బానిస తల్లికి పుట్టిన డైడో బెల్ స్వేచ్ఛను వీలునామాలో ప్రత్యేకంగా ధ్రువీకరించారంటే, తన తీర్పు ఎంతవరకు కాపాడుతుందో ఆయనకు తెలుసు. 1783 నాటి జాంగ్ అనే బానిసల ఓడ కేసులో, సముద్రంలోకి తోసేసిన ఆఫ్రికన్లకు ఓడ యజమానులు బీమా సొమ్ము అడిగారు. ఆయన పునర్విచారణకు ఆదేశించారు. అయితే, ఇది దిగ్భ్రాంతికరమంటూనే, బానిసల సంగతి గుర్రాలను పడేసినట్టేనని జ్యూరీ భావించిందని చెప్పి ముందుకు సాగారు. బీమా చట్టం బోధించేవారు ఈ పేజీ దాటవేయడం అన్యాయం.

అపోహ: ఆయన రహస్య జాకొబైట్, అంటే పదవీచ్యుతులైన స్టూవర్ట్ రాజవంశాన్ని తిరిగి గద్దెనెక్కించాలనుకునేవాడు.

వాస్తవం: ప్రవాసంలోని స్టూవర్ట్‌లను కొలిచింది అన్న జేమ్స్. ఈయన సొలిసిటర్ జనరల్‌గా 1747లో తిరుగుబాటుదారు లార్డ్ లోవాట్‌పై ప్రాసిక్యూషన్ తరఫున వాదించారు. 1753లో జరిగిన విచారణ ఆరోపణలను కొట్టిపారేసింది.

అపోహ: దౌత్యంతో ఆయనకు సంబంధం లేదు.

వాస్తవం: యుద్ధంలో బ్రిటన్ ప్రష్యా ఓడల సరుకు పట్టుకుందన్న కోపంతో ప్రష్యా రాజు ఫ్రెడరిక్, సైలీషియా ప్రాంతం హామీగా బ్రిటిష్ వ్యక్తులు ఇచ్చిన అప్పు చెల్లింపు ఆపేశాడు. 1753 జనవరిలో నలుగురు న్యాయవేత్తలు సంతకం చేసిన జవాబులో ప్రధాన హస్తం మర్రేది. ఓడల తగాదాను తేల్చాల్సింది నౌకా న్యాయస్థానమని, ప్రైవేటు వ్యక్తులకు రాజు బాకీ ఉన్న సొమ్మును ప్రతీకారంగా పట్టుకోరాదని అందులో వాదించారు. ఫ్రెంచి రాజనీతి తత్వవేత్త మాంటెస్క్యూ దాన్ని తిరుగులేని సమాధానమని మెచ్చుకున్నాడు. 1756లో ఫ్రెడరిక్ బకాయి తీర్చడానికి, బ్రిటన్ 20,000 పౌండ్లు ఇవ్వడానికి ఒప్పందం కుదిరింది.