నేల దిగిపోగా మిగిలిన కొండ

జర్మనీ నైరుతి భాగంలోని ఓడెన్‌వాల్డ్ అటవీ ప్రాంతంలో అన్నిటికన్నా ఎత్తయినది కాట్సెన్‌బుకెల్ అనే కొండ. ఆ పేరుకు పిల్లి గూను అని అర్థం. సముద్రమట్టానికి 626 మీటర్ల ఎత్తున ఉన్నా, దగ్గర నుంచి చూస్తే అంత పెద్ద కొండగా అనిపించదు. అది నిలిచిన పీఠభూమే సుమారు 500 మీటర్ల ఎత్తున ఉండటం వల్ల, చెట్లు కప్పిన ఒక మెత్తని గుట్టలాగే కంటికి ఆనుతుంది. పడమట లోతుగా పారే నెకార్ నది ఒడ్డున ఉన్న ఎబర్‌బాఖ్ పట్టణం నుంచి ఎక్కి వచ్చేవారికే ఆ ఎత్తు కాళ్లకు తెలిసివస్తుంది.

ఓడెన్‌వాల్డ్ పడమటి భాగం గ్రానైటు, నైసు వంటి పురాతన శిలలతో ఏర్పడగా, తూర్పు భాగమంతా ఎర్ర ఇసుకరాయే. సుమారు 25 కోట్ల ఏళ్ల కిందట ఎండిన మైదానాల మీద నదులు పరచిన ఇసుక గట్టిపడి ఆ రాయి అయింది. కాట్సెన్‌బుకెల్ ఈ ఎర్ర రాతి సీమ నడుమనే ఉన్నా దాని రాయి మాత్రం నల్లగా, బరువుగా, సిలికా తక్కువై నెఫెలీన్ అనే ఖనిజంతో కూడి ఉంటుంది. ఇది ఒకప్పటి అగ్నిపర్వతపు గొంతు. డైనోసార్ల యుగం ముగియవస్తున్న కాలంలో, సుమారు ఆరేడు కోట్ల ఏళ్ల కిందట, భూగర్భం నుంచి ఎగసిన శిలాద్రవం భూగర్భజలాన్ని తాకి ఆవిరి పేలుళ్లు పుట్టించగా, రాతి పొరలను చీల్చుకుంటూ ఒక గొట్టం ఏర్పడింది. తర్వాత వచ్చిన శిలాద్రవం అందులోనే చల్లబడి గట్టిపడింది. (కాస్త అటూ ఇటూగా అదే కాలంలో మన దక్కన్ మీద లావా వరదలై పారింది, వికారాబాద్ వైపు కనిపించే నల్లరాయి దాని గుర్తే. కాలం కలిసిందని రెండింటికీ ఒకే కారణం అంటగట్టడం మాత్రం పొరపాటు.)

అసలు విశేషం ఆ గొట్టంలో చిక్కుకున్న రాతి ముక్కల్లో ఉంది. వాటిలో జురాసిక్ కాలపు సముద్రం అడుగున పేరుకున్న బంకరాయి ముక్కలు దొరికాయి. ఇప్పుడు కొండ చుట్టూ ఎక్కడా ఆ పొర లేదు. పొరల వరుస ప్రకారం అది ఎర్ర ఇసుకరాయికి వందల మీటర్ల పైన ఉండాలి. అంటే పేలుడు జరిగిన నాడు ఇక్కడి నేల ఇప్పటికంటే అంత ఎత్తున ఉండేదన్నమాట. పైపొరలు విరిగి గొట్టంలోకి జారిపడి, అక్కడే భద్రంగా మిగిలాయి. ఇసుకరాయికి పైన ఉండవలసిన సున్నపురాయి తూర్పున బౌలాండ్ ప్రాంతంలో నేటికీ కనిపిస్తుంది.

మరి ఆ నేలంతా ఏమైంది? సుమారు 5 కోట్ల ఏళ్ల కిందట పడమట రైన్ లోయ పగులుగా కుంగడం మొదలుపెట్టగా, దాని అంచులు క్రమంగా పైకి లేచాయి. లేచిన నేలను వానలూ వాగులూ తొలిచాయి. మెత్తని పొరలు ముందు కొట్టుకుపోగా, గొంతులో గట్టిపడిన రాయి అరగడానికి మొండికేసింది. కాబట్టి ఈ కొండ పైకి పెరిగినది కాదు, చుట్టూ ఉన్నది దిగిపోగా బయటపడినది.

ఈ ప్రాంతం నేటికీ అడవిగానే ఉండటంలోనూ రాతి పాత్ర ఉంది. ఇసుకరాయి అరిగి ఏర్పడే నేల ఆమ్లగుణంతో, పోషకాలు తక్కువగా ఉండి సేద్యానికి అంతగా అక్కరకు రాదు. అందుకే బీచ్, స్ప్రూస్ చెట్లకు చోటు దక్కింది.

శిఖరం మీద, 19వ శతాబ్దం మొదటి భాగంలో ఎర్ర ఇసుకరాయితో కట్టిన 18 మీటర్ల బురుజు ఉంది. కాళ్ల కింద నల్లరాయి, కళ్ల ముందు ఎర్రరాయి. పొరల కథ తెలిసినవారు ఆ గోడ దగ్గర ఒక్క క్షణం ఆగకమానరు. కొంచెం దిగువన నల్లరాయిని తవ్విన పాత క్వారీ ఉంది. కొండ లోపలి రాయిని బయటపెట్టిన ఆ గుంతలో ఇప్పుడు నీరు నిలిచి చిన్న చెరువైంది.