అద్దె ఇంట్లో, తోటలో పెళ్లి: అపోహలు - వాస్తవాలు

హాలు వద్దు, మంచి ఇల్లొకటి అద్దెకు తీసుకుని అక్కడే పెళ్లి చేద్దామనుకునేవాళ్లు పచ్చికనీ చెట్లనీ వరండానీ చూసి ముచ్చటపడతారు. ఏర్పాట్లు చేసే మేం ముందు మెయిన్ స్విచ్చు, సెప్టిక్ ట్యాంకు మూత, గేటు వెడల్పు చూస్తాం. ఎంతమందిని పిలవచ్చో తేల్చేవి ఆ మూడే.

అపోహ: హాలు కంటే ఇల్లే చవక.

హాలు అద్దెలో సాధారణంగా కుర్చీలు, బల్లలు, వంటగది, మరుగుదొడ్లు, పార్కింగు, ఊడ్చే మనుషులు కలిసే ఉంటాయి. ఇంటి అద్దెలో వచ్చేది ఖాళీ జాగా. మిగతావన్నీ విడివిడిగా తెప్పించాలి, ప్రతిదానికీ రవాణా, దించే కూలీ వేరే. పైగా అద్దె ఒక్క రోజుది సరిపోదు: ముందురోజు టెంటు వేయాలి, మర్నాడు విప్పాలి. 40 మంది లోపు పెళ్లికి ఇల్లు నిజంగానే కలిసొస్తుంది. 100 దాటితే చాలాసార్లు హాలే నయం.

అపోహ: బుక్ చేసుకున్నాం కదా, పెళ్లి అని ఓనరుకు విడిగా చెప్పక్కర్లేదు.

ఉండటానికి ఇచ్చిన ఇల్లు వేరు, వేడుకకు ఇచ్చిన ఇల్లు వేరు. ఆన్‌లైన్లో ఇళ్లు అద్దెకు కుదిర్చే ఎయిర్‌బీఎన్‌బీ 2020 ఆగస్టులో తన ఇళ్లలో పార్టీలను నిషేధించింది, 2022 జూన్‌లో ఆ నిషేధాన్ని శాశ్వతం చేసింది. చెప్పకుండా చేస్తే డిపాజిట్ పోవడం చిన్న సంగతి, బుకింగే రద్దు కావచ్చు. అగ్రిమెంటులో 'వివాహ వేడుక' అనే మాట ఉండాలి. అతిథుల సంఖ్య, సామాను దింపే వేళ, సౌండ్ ఆపే వేళ, టెంటు మేకులు ఎక్కడ కొట్టవచ్చో, దేనికి డిపాజిట్‌లో కోత పడుతుందో కూడా రాయించుకోవాలి. ఫోన్లో 'పర్లేదండీ, చేసుకోండి' అన్నమాట రేపు గొడవొస్తే నిలబడదు. ఓనరు ఇంటి బీమా ఇలాంటి వేడుకకు వర్తించకపోవచ్చు. ఆ ఒక్క రోజుకు విడిగా పాలసీ దొరుకుతుందేమో అడగండి.

అపోహ: కరెంటు ఉంది, ఎక్స్‌టెన్షన్ బాక్సులు వేసుకుంటే చాలు.

పెళ్లి మధ్యలో ఆగిపోయేది ఎక్కువగా ఇక్కడే. 5 కిలోవాట్ల సింగిల్ ఫేజ్ కనెక్షన్ 230 వోల్టుల దగ్గర ఇవ్వగలిగేది దాదాపు 22 ఆంపియర్లు. ఇప్పుడు లోడు కూడండి: వడ్డన వేడిగా ఉంచే హాట్‌కేసులు రెండు, ఒక్కోటి 2 కిలోవాట్లు, నీళ్లు మరిగించే పాత్ర 3, సౌండ్ 2, లైట్లు 1. మొత్తం 10. ఇంట్లో ఫ్రిజ్, మోటారు, ఏసీ ఇందులో లేవు. అందరూ ఒకేసారి స్విచ్చు వేసేది భోజనాల వేళే, లోడు మించితే కరెంటు ఆపేసే స్విచ్చు (ఎంసీబీ) పడిపోయేదీ అప్పుడే.

ఈ 10 కిలోవాట్లకు జనరేటరు ఎంతది కావాలి? జనరేటరు సామర్థ్యాన్ని కేవీఏల్లో చెబుతారు. కేవీఏను 0.8తో గుణిస్తే కిలోవాట్లు, కాబట్టి కాగితం మీద 12.5 కేవీఏ చాలు. కానీ పూర్తి లోడు మీద గంటల తరబడి నడపకూడదు. ముప్పావు వంతు లోడుకు లెక్కేస్తే 17 దగ్గర తేలుతుంది, 20 కేవీఏది తెప్పించాలి. కిటికీలకు, టెంటుకు కనీసం 6 మీటర్ల దూరంలో, పొగ జనం వైపు రాకుండా పెట్టాలి. ఆ పొగలోని విషవాయువు కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు.

వైరు సంగతి కూడా. 2.5 చదరపు మిల్లీమీటర్ల రాగి వైరు 50 మీటర్లు లాగి 15 ఆంపియర్లు తీసుకుంటే చివర్లో 11 వోల్టులు తగ్గుతాయి. దూరం పెరిగితే వైరు మందం పెంచాలి. చుట్ట మీద ఉన్న వైరును పూర్తిగా విప్పాకే వాడాలి, చుట్టగా ఉంటే వేడెక్కి పైపొర కరుగుతుంది. తోటలోకి వెళ్లే ప్రతి లైనుకూ 30 మిల్లీఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే వెంటనే లైను కట్ చేసే స్విచ్చు) ఉండాలి. తడి గడ్డి మీద ప్రాణాలు కాపాడేది అదే.

అపోహ: రెండు బాత్రూములు ఉన్నాయి, సర్దుకుంటారు.

మనిషికి 3 నిమిషాల చొప్పున రెండు గదుల్లో గంటకు 40 మంది. భోజనాలయ్యాక 150 మంది లేస్తే వరస చివరి మనిషి సంగతి ఊహించుకోండి. వరస కంటే పెద్ద చిక్కు భూమి కింద ఉంది. 150 మంది రెండేసిసార్లు వెళ్తే, ఫ్లష్‌కు 8 లీటర్ల చొప్పున 2,400 లీటర్లు. రోజుకు 600-700 లీటర్లు వాడే కుటుంబానికి కట్టిన ట్యాంకులోకి మూడున్నర రోజుల నీళ్లు ఒక్క పూటలో దిగుతాయి. నీళ్లు తేరుకునే వ్యవధి లేక మడ్డి బయటి గొట్టాల్లోకి పోతుంది, లేదా వెనక్కి తన్ని బాత్రూములోకి వస్తుంది. ముందు వారం ట్యాంకు తోడించండి. 40 మందికి ఒకటి చొప్పున తాత్కాలిక మరుగుదొడ్లు తెప్పించి, ఇంట్లోవి పెద్దవాళ్లకు, పెళ్లివాళ్లకు వదిలేయండి. ట్యాంకు మీదుగా లారీ పోనివ్వకండి. మేకులు కొట్టేముందు భూమిలో నీటి గొట్టాలు, కేబుళ్లు ఎక్కడున్నాయో సున్నంతో గీయించండి.

అపోహ: వాన పడితే ఇంట్లోకి వెళ్లిపోవచ్చు.

వరుసగా కుర్చీలు వేస్తేనే మనిషికి 6 నుంచి 8 చదరపు అడుగులు కావాలి, బల్లల భోజనానికైతే 12 నుంచి 15. హాలు, గదులు కొలిచి భాగించండి, జవాబు తెలిసిపోతుంది. టెంటే వానకు జవాబు, అదీ ముందే బిగించినదై ఉండాలి. నేల తడిశాక మేకులు పట్టవు. కప్పు గుడ్డ వాలుగా, బిగువుగా లేకపోతే నీళ్లు గుంట కడతాయి: 10 చదరపు మీటర్ల మేర 2 సెంటీమీటర్ల నీళ్లు నిలిచినా 200 కిలోలు. ఎంత గాలి వేగం దాటితే జనాన్ని బయటికి పంపాలో టెంటువాళ్లను ముందే అడగండి. చెప్పలేకపోతే వాళ్లను మార్చండి.

అపోహ: మేడ మీద డాన్సు పెట్టుకోవచ్చు.

నివాస గదుల శ్లాబును సాధారణంగా చదరపు మీటరుకు 200 కిలోల దగ్గర లెక్కేసి కడతారు, జనం గుమిగూడే హాళ్లకు 400 నుంచి 500. చదరపు మీటరులో నలుగురు నిలబడితేనే 280. అందరూ ఒకే తాళానికి గెంతితే భారం ఇంకా పెరుగుతుంది. బాల్కనీ, చెక్క డెక్ మరీ ప్రమాదం. డెక్కులు తరచూ విరిగేది ఇంటి గోడకు బిగించిన చోట, అది పైనుంచి కనపడదు. డాన్సు నేల మీదే.

అపోహ: కార్లు రోడ్డు పక్కన పెట్టుకుంటారు.

150 మంది అంటే 50-60 కార్లు. మలుపు దారితో కలిపి కారుకు 25 చదరపు మీటర్లు, వెరసి 1,500. లేకపోతే దూరంగా పార్కింగు చూసి బస్సు తిప్పండి. ఏది చేసినా ఫైరింజను, అంబులెన్సు పట్టేలా 4 మీటర్ల దారి ఖాళీగా ఉంచాలి.

అపోహ: స్థలం ఒకసారి చూస్తే చాలు.

ముహూర్తం ఏ గంటకో ఆ గంటకే వెళ్లి ఎండ ఎవరి కళ్లలో పడుతుందో చూడండి. చీకటి పడ్డాక ఇంకోసారి వెళ్లి పార్కింగు నుంచి టెంటు దాకా, టెంటు నుంచి మరుగుదొడ్ల దాకా నడవండి. కాలు తడబడిన ప్రతిచోటా ఒక లైటు రాసుకోండి.