33 నాట్ల కోసం: అమెరికా ఫాస్ట్ బ్యాటిల్‌షిప్‌ల వెనుక కథ

2006 మార్చిలో అమెరికా నౌకాదళం తన జాబితాలోంచి రెండు బ్యాటిల్‌షిప్‌ల (భారీ ఫిరంగులు, మందమైన కవచం ఉన్న యుద్ధనౌకల) పేర్లు కొట్టేసింది: అయోవా, విస్కాన్సిన్. సముద్ర యుద్ధంలో పెద్దరికం విమానవాహక నౌకలదేనని 1945 నాటికే తేలిపోయింది. అయినా ఈ రెండింటినీ పూర్తిగా వదులుకోవడానికి మరో అరవై ఏళ్లు పట్టింది. 1995లో ఒకసారి జాబితా నుంచి తీసేస్తే, తీరంలో దిగే మెరైన్లకు ఫిరంగుల అండ కావాలంటూ అమెరికన్ కాంగ్రెస్ మరుసటి ఏడాదే చట్టం చేసి రెండు నౌకలను ఉంచమంది. ఇంతకాలం ఇవి నిలిచాయంటే అందరూ ఆ ఫిరంగులనే చూస్తారు. నా లెక్కలో అసలు కారణం వేగం.

రెండో ప్రపంచ యుద్ధానికి ముందు అమెరికా బ్యాటిల్‌షిప్‌లు 21 నాట్లకు (గంటకు దాదాపు 39 కిలోమీటర్లకు) మించి పోలేవు. జపాన్ ఆధునీకరించిన నాలుగు కోంగో తరగతి (ఒకే నమూనాలో కట్టిన) నౌకలు 30 నాట్లతో పరిగెత్తేవి. కొత్తవి కట్టాలంటే యుద్ధనౌకలకు హద్దులు పెట్టిన 1922 వాషింగ్టన్ ఒప్పందం ప్రకారం బరువు 35,000 టన్నులు దాటకూడదు. పెద్ద ఫిరంగి, మందమైన కవచం, వేగం... మూడూ కావాలి. ఒకటి పెంచితే ఇంకోటి కోసుకోవాల్సిందే.

మొదటి జంట నార్త్ కరోలినా, వాషింగ్టన్. వీటికి ముందు 14 అంగుళాల (గొట్టం లోపలి వెడల్పు) ఫిరంగులు అనుకున్నారు. ఆ 14 అంగుళాల కొత్త పరిమితికి జపాన్ ఒప్పుకోకపోవడంతో తొమ్మిది 16 అంగుళాల ఫిరంగులకు మారారు. కవచం మాత్రం 14 అంగుళాల గుండ్లను ఆపే లెక్కలోనే మిగిలిపోయింది. ఆ లోటు తీర్చడానికి తర్వాతి నాలుగు సౌత్ డకోటా తరగతి నౌకలను దాదాపు 50 అడుగులు కురచ చేసి, కవచాన్ని లోపల ఏటవాలుగా అమర్చారు. 35,000 టన్నుల హద్దులో ఇంతకంటే చక్కటి డిజైన్ ఎవరూ చేయలేదని నా నమ్మకం. అయితే లోపల ఇరుకు, వేగం 27 నాట్లే.

1938లో హద్దు 45,000 టన్నులకు పెరిగింది. అదనంగా దొరికిన పదివేల టన్నుల్లో ఎక్కువ భాగం అయోవా తరగతి నాలుగు నౌకల్లో (అయోవా, న్యూజెర్సీ, మిస్సోరి, విస్కాన్సిన్) వేగానికే పోయింది. 27 నుంచి 33 నాట్లకు, అంటే గంటకు 61 కిలోమీటర్లకు చేరడానికి ఇంజన్ల శక్తి 1,30,000 హార్స్‌పవర్ నుంచి 2,12,000కు పెంచాల్సి వచ్చింది. ఓడ పొడవు 887 అడుగులైంది. వెడల్పు పెంచే వీలే లేదు, పనామా కాలువ లాక్‌ల వెడల్పు 110 అడుగులే మరి. 108 అడుగుల 2 అంగుళాల ఓడ దూరితే రెండు పక్కలా ఒక్కో అడుగు కూడా మిగలదు.

ఇక్కడే పెద్ద పొరపాటు దొర్లింది. ఫిరంగులు చూసే విభాగం 1922లో రద్దయిన ఓడల కోసం చేసి ఉంచిన పాత బరువైన ఫిరంగులను లెక్కలో పెట్టుకుంది. ఓడ గీసే విభాగం టరెట్ (ఫిరంగులతో పాటు తిరిగే ఉక్కు గది) కూర్చునే ఉక్కు బావిని దాదాపు రెండు అడుగులు చిన్నగా గీసింది. 1938 నవంబర్‌లో ఈ తేడా బయటపడేసరికి అందరికీ టెన్షన్. చివరికి తేలికైన కొత్త ఫిరంగిని తయారు చేసి గండం గట్టెక్కారు. అలా పుట్టిన మార్క్ 7 ఫిరంగి 1,225 కిలోల గుండును 38 కిలోమీటర్ల దూరం విసిరేది.

బ్యాటిల్‌షిప్‌తో బ్యాటిల్‌షిప్ తలపడిన సందర్భాలు వీటికి చాలా తక్కువ. 1942 నవంబర్ 14 రాత్రి పసిఫిక్‌లోని గ్వాడల్‌కెనాల్ దీవి దగ్గర ఒకటి జరిగింది. ఎంటర్‌ప్రైజ్ విమానవాహక నౌకకు కాపలాగా ఉన్న వాషింగ్టన్, సౌత్ డకోటాలను హడావుడిగా అక్కడికి పంపారు. ముందు నడిచిన నాలుగు డెస్ట్రాయర్లు దెబ్బతిన్నాయి. సరిగ్గా ఆ సమయంలో సౌత్ డకోటాలో కరెంటు పోయింది. చీకట్లో గుడ్డిదైపోయిన ఆ ఓడ మీద శత్రువు సర్చ్‌లైట్లు వేసి గుండ్ల వాన కురిపించాడు. అందరి చూపూ దాని మీదే ఉండగా, రాడార్‌ను క్షుణ్ణంగా తెలిసిన రియర్ అడ్మిరల్ విల్లిస్ లీ వాషింగ్టన్ నుంచి జపాన్ కోంగో తరగతి నౌక కిరిషిమా మీద గురిపెట్టాడు. దూరం ఎనిమిది కిలోమీటర్లే. కొద్ది నిమిషాల్లోనే కిరిషిమా పని అయిపోయింది.

అయోవా తరగతికి అలాంటి రాత్రి రాలేదు. 1944 అక్టోబర్‌లో ఫిలిప్పీన్స్ దగ్గర లేటె గల్ఫ్ యుద్ధంలో అమెరికా అడ్మిరల్ హాల్సీ వాటిని ఉత్తరానికి తీసుకెళ్లి, మధ్యలో వెనక్కి తిప్పాడు. అటు జపాన్ విమానవాహక నౌకలూ ఇటు జపాన్ బ్యాటిల్‌షిప్‌లూ రెండూ అందకుండా పోయాయి. కానీ విమానవాహక నౌకలతో సమానంగా పరిగెత్తుతూ వాటికి విమాన నిరోధక కవచంలా నిలబడగలిగింది ఈ వేగం వల్లనే. కొరియా యుద్ధంలో నాలుగూ, 1968లో వియత్నాం తీరానికి న్యూజెర్సీ వెళ్లాయి. 1980లలో 32 టోమహాక్ క్షిపణులు పెట్టి మళ్లీ నాలుగింటినీ రంగంలోకి దించారు. 40 ఏళ్లు దాటినా కొత్త నౌకల పక్కన వెనకబడలేదు.

ముసలితనం కనిపించింది ఫిరంగుల దగ్గరే. గుండు వెనక మందును పట్టు సంచుల్లో నింపి ఒకదాని వెనక ఒకటి తోస్తారు, ఒక్కో సంచీ 50 కిలోలు. పట్టు పూర్తిగా కాలిపోతుంది, నిప్పురవ్వ మిగలదు కాబట్టే ఆ బట్ట. 1989 ఏప్రిల్ 19న అయోవా రెండో టరెట్ మధ్య ఫిరంగిలో సంచులు తోస్తుండగా మందు అంటుకుంది. 47 మంది నావికులు చనిపోయారు. చనిపోయినవారిలోనే ఒకరు కావాలని చేశారని నౌకాదళం మొదటి నివేదిక వేలెత్తి చూపింది. సంచులను మరీ గట్టిగా తోసినా అంటుకోగలవని తర్వాత వేరే ప్రయోగశాల పరీక్షల్లో తేలింది. ఆ ఆరోపణకు స్పష్టమైన రుజువు లేదని 1991లో నౌకాదళం ఒప్పుకుని కుటుంబానికి క్షమాపణ చెప్పింది. సమాధానం చెప్పుకోలేని మనిషి మీద, రుజువు లేకుండా అంత పెద్ద నింద వేయడం దారుణం.

1991 గల్ఫ్ యుద్ధంలో మిస్సోరి, విస్కాన్సిన్ ఆఖరిసారి గుండ్లు పేల్చాయి. అయోవా రెండో టరెట్ మాత్రం 1989 ఏప్రిల్ తర్వాత ఒక్కసారీ పేలలేదు. దాన్ని మూసేశారు. 2012 నుంచి ఆ ఓడ లాస్ ఏంజెలస్ రేవులో మ్యూజియంగా ఉంది.