పియర్ హెడ్ స్టేషన్‌ను ఎందుకు కూల్చారు?

ఇంగ్లండ్‌లోని లివర్‌పూల్‌లో ఫెర్రీలు ఆగే చోటు పియర్ హెడ్. అక్కడి రాయల్ లివర్ బిల్డింగ్ వెనక ఇప్పుడు కార్లు దూసుకుపోయే పెద్ద రోడ్డుంది. ఒకప్పుడు ఆ రోడ్డు మీదే, దాదాపు 16 అడుగుల ఎత్తున, ఇనుప స్తంభాలపై ఒక రైల్వే స్టేషన్ ఉండేది. జనం ఎక్కక మూతపడిందేమో అనుకుంటాం. కాదు. చివరి ఏళ్లలోనూ పనివేళల్లో రైళ్లు కిక్కిరిసే నడిచాయి. లైనును తినేసింది తుప్పు. దాన్ని వదిలించే ఖర్చు నెత్తికెత్తుకోవడానికి ఎవరూ ముందుకు రాలేదు.

19వ శతాబ్దం చివర్లో మెర్సీ నది ఒడ్డున మైళ్ల పొడవునా రేవులే. గుర్రపు బళ్లు, సరుకు రైళ్లు, వేలమంది కూలీలు, అందరికీ ఒకటే రోడ్డు. అందుకే రైలును పైకి ఎత్తారు. ఆవిరి ఇంజన్ల నిప్పురవ్వలు ఓడల సరుకు మీద పడతాయన్న భయంతో కరెంటు రైళ్లు పెట్టారు. 1893 ఫిబ్రవరి 4న మాజీ ప్రధాని సాలిస్‌బరీ లివర్‌పూల్ ఓవర్‌హెడ్ రైల్వేను ప్రారంభించారు. కరెంటుతో నడిచే ఎలివేటెడ్ రైల్వే ప్రపంచంలో అదే మొదటిది. న్యూయార్క్‌లో పైన తిరిగే రైళ్లను అప్పటికింకా ఆవిరి ఇంజన్లే లాగుతున్నాయి.

పట్టాల కింద ఖాళీ లేకుండా ఇనుప రేకులు పరిచారు. వాన పడితే రేవు కూలీలు వాటి కింద నడిచిపోయేవారు. 'డాకర్ల గొడుగు' అన్న పేరు అలా వచ్చింది. కొంప ముంచింది కూడా ఆ రేకులే. కింద రోడ్డు మీద రేవుల సరుకు రైళ్ల లైనులో ఆవిరి ఇంజన్లు తిరిగేవి. పొగకు పైకి పోయే దారి లేదు. మసి, ఆవిరి, సముద్రపు తేమ కలిసి ఏళ్ల తరబడి ఇనుమును కొరికేశాయి.

1941 మే నాటి జర్మన్ బాంబు దాడుల్లో లైను బాగా దెబ్బతింది, అయినా మళ్లీ నడిచింది. 1948లో బ్రిటన్‌లోని పెద్ద రైల్వేలన్నీ ప్రభుత్వపరమైనా ఇది ప్రైవేటు కంపెనీగానే మిగిలింది. అప్పుడే చేరి ఉంటే బతికేదేమో అనిపిస్తుంది. కానీ ఆ ప్రభుత్వ రైల్వేయే తర్వాత వేల మైళ్ల లైన్లు మూసేసింది కాబట్టి గట్టిగా చెప్పలేం. 1950ల మధ్యలో తనిఖీ చేస్తే మరమ్మతులకు 20 లక్షల పౌండ్లు కావాలని తేలింది. కంపెనీ దగ్గర అంత డబ్బు లేదు. నగర కౌన్సిల్, రేవుల బోర్డు చేయందించలేదు. 1956 డిసెంబర్ 30 రాత్రి చివరి రైళ్లు నడిచాయి. ప్రయాణికులను బస్సుల్లోకి మళ్లించారు. మరుసటి ఏడాది సెప్టెంబర్‌లో కూల్చివేత మొదలైంది. పియర్ హెడ్ సహా పైనున్న స్టేషన్లన్నీ తుక్కుగా పోయాయి.

ఒక బోగీని మాత్రం లివర్‌పూల్ మ్యూజియంలో, అప్పటి లైను ఎంత ఎత్తున ఉండేదో అంత ఎత్తులోనే నిలబెట్టారు. స్టేషన్లలో మిగిలింది దక్షిణపు చివరనున్న డింగిల్ ఒక్కటే. అది నేల కింద కట్టింది.