తిరుమల రీల్స్ గొడవ: అసలు మలుపు 2020లో

కొండ మీద కెమెరా గొడవ మళ్ళీ రాజుకుంది. ప్రతిసారీ వరస ఒకటే. మాడ వీధిలో ఎవరో సినిమా పాటకు అడుగులేస్తారు. ఆ వీడియో వాట్సాప్ గ్రూపులన్నీ తిరుగుతుంది. మనోభావాలు దెబ్బతిన్నాయని ఒకరు, అన్నింటికీ ఇదేనా అని ఇంకొకరు కామెంట్లు పెడతారు. టీటీడీ విజిలెన్స్ వాళ్ళు ఆ మనిషి ఆరా తీస్తారు, చివరికి ఒక క్షమాపణ వీడియో వస్తుంది. ఆలయం ముందు, మాడ వీధుల్లో వెకిలి చేష్టలు, నృత్యాలు చేస్తూ రీల్స్ తీస్తే కేసులు పెడతామని 2025 జూలై ఆఖరున టీటీడీ గట్టిగానే హెచ్చరించింది. అప్పటి నుంచి ఈ చర్చ పూర్తిగా చల్లారింది లేదు.

ఫోన్లు లోపలికి ఎందుకు పోనివ్వరు, ఎక్కడ డిపాజిట్ చేయాలి, గర్భాలయంలోకి కెమెరా ఎందుకు పోదు, ఇవన్నీ మన జిల్లాలో చిన్నపిల్లలకూ తెలుసు. (జిల్లా అంటే 2022 ఏప్రిల్‌కు ముందున్న పాత చిత్తూరు జిల్లా అనుకోండి. తిరుపతి విడిపోయినా నోటికి ఇంకా అదే వస్తోంది.) కాబట్టి ఆ పాత సంగతుల జోలికి పోవడం లేదు. యాత్రను జనానికి చూపించే పని ఎవరి చేతిలో ఉండేది, అది ఎప్పుడు చేతులు మారింది, ఈ గొడవలో అడగాల్సింది అది.

అందరూ సెల్‌ఫోన్ వచ్చినప్పుడే మారిందంటారు, లేదా 2016లో జియోతో డేటా చవకైనప్పుడు అంటారు. అవి కారణాలే గానీ, అసలు మలుపు 2020 వేసవిలో వచ్చింది.

ఆ ఏడాది మార్చి 20న దర్శనాలు ఆపేశారు. కైంకర్యాలన్నీ ఏకాంతంగా, అంటే భక్తులు లేకుండా జరిగాయి. జూన్ 8 నుంచి మూడు రోజులు ఉద్యోగులతో, స్థానికులతో ప్రయోగాత్మకంగా నడిపి, 11 నుంచి మామూలు భక్తులను రానిచ్చారు. ఆ మధ్యలో దాదాపు 80 రోజులు కొండ ఖాళీ. కింద తిరుపతి ఎట్లా ఉండిందో ఇక్కడ బతికిన వాళ్ళకు చెప్పక్కర్లేదు. గోవిందరాజస్వామి గుడి చుట్టూ ఉన్న అంగళ్ళకు షట్టర్లు దించేశారు. లాడ్జీల ముందు ఒక్క వ్యాను లేదు. అలిపిరిలో తనిఖీ చేయడానికి బండే రాలేదు. యాత్రికుడి మీద బతికే ఊరికి యాత్రికుడే కరువయ్యాడు.

అప్పుడు టీటీడీ సొంత భక్తి చానల్ ఎస్వీబీసీ ముందుకొచ్చింది. 2008 జూలైలో అప్పటి రాష్ట్రపతి ప్రతిభా పాటిల్ ప్రారంభించిన చానల్ అది. పన్నెండేళ్ళుగా ప్రసారాలు చేస్తూనే ఉంది గానీ, ఇంట్లో పెద్దవాళ్ళు తెల్లవారుజామున పెట్టుకునే చానల్‌గానే చాలామందికి తెలుసు. లాక్‌డౌన్‌లో అది ఇంటిల్లిపాదికీ పట్టుకుంది. ఆలయం ముందున్న నాదనీరాజనం వేదిక మీద మంత్ర పారాయణం మొదలుపెట్టారు, జూన్‌లో సుందరకాండకు వచ్చారు, తర్వాత భగవద్గీత. వేదిక మీద పండితుడు శ్లోకం చెబితే ఇంట్లో జనం పుస్తకం పట్టుకుని అందుకున్నారు. టీవీ ముందు చేతులు జోడించి కూర్చోవడం అలవాటైంది.

ఆగస్టు 7న ఆన్‌లైన్ కల్యాణోత్సవం మొదలుపెట్టారు. టికెట్ కొన్న దంపతులు ఇంట్లోనే సంప్రదాయ దుస్తుల్లో కూర్చుని, ఎస్వీబీసీలో ప్రత్యక్ష ప్రసారం చూస్తూ, అర్చకుడు చెప్పినప్పుడు తమ గోత్రనామాలు పలకాల్సి ఉండేది. ఉత్తరీయం, రవికె, అక్షింతలు తపాలాలో ఇంటికొచ్చేవి. ఆ ఏడాది అధికమాసం కాబట్టి బ్రహ్మోత్సవాలు రెండుసార్లు వచ్చాయి. రెండూ ఏకాంతమే. 2021లోనూ అంతే. బ్రహ్మోత్సవాల్లో మలయప్పస్వామి గరుడ వాహనం మాడ వీధుల్లోకి రాని రెండేళ్ళవి. చూసినవాళ్ళంతా టీవీలోనే చూశారు.

ఇందులో టీటీడీని తప్పుపట్టేదేమీ లేదు, అప్పుడు వేరే దారి లేదు. కానీ ఆ రెండేళ్ళలో ఒక సంగతి స్థిరపడిపోయింది. తెర మీద చూసినా అది సేవే అని దేవస్థానమే ఒప్పుకుంది. ఒకసారి ఒప్పుకున్నాక, ఆ తెర మీదికి తిరుమలను ఎవరు పంపాలనే ప్రశ్న రాకుండా ఉండదు. 2022 సెప్టెంబరులో బ్రహ్మోత్సవ వాహన సేవలు మళ్ళీ వీధుల్లోకి వచ్చినప్పుడు గ్యాలరీల్లో జనం గోవిందా అంటూ ఒక చెయ్యి, ఫోను పట్టుకుని ఇంకో చెయ్యి ఎత్తారు. ఇంట్లో ఉన్న అమ్మకో, అమెరికాలో ఉన్న కొడుక్కో అదే క్షణంలో చూపించాలి. దాన్ని ఎవరూ ఆపలేదు, ఆపడం అయ్యే పనీ కాదు.

దీనికి ముందు యాత్రా కార్యక్రమం అంటే ఎట్లా ఉండేదో ఒక్కసారి గుర్తు చేసుకుంటే తేడా తెలుస్తుంది. హైదరాబాదు నుంచి ఒక యూనిట్ వచ్చేది: కెమెరామన్, అసిస్టెంటు, యాంకరు. ముందే అనుమతి లెటరు తెచ్చుకుని టీటీడీ పీఆర్వో ఆఫీసులో చూపించాలి. ఎక్కడ నిలబడొచ్చో, ఎక్కడ స్టాండు వేయకూడదో వాళ్ళు చెప్పేవాళ్ళు. యాంకరు పట్టుచీర కట్టుకుని గాలిగోపురం దగ్గర రెండు ముక్కలు, ఆలయం ముందు రెండు ముక్కలు మాట్లాడి వెళ్ళిపోయేది. స్థలపురాణం వాయిస్ ఓవర్ స్టూడియోలో. ఇక్కడ ఉండే స్ట్రింగర్ (చానల్‌కు పార్ట్‌టైమ్‌గా పనిచేసే విలేకరి) తీసిన టేపులు రాత్రి బస్సుకో రైలుకో పోయేవి. ఆ యాంకర్లలో చాలామందికి సర్వదర్శనం క్యూలో నిలబడ్డ అనుభవమే ఉండదు. వీఐపీలకిచ్చే బ్రేక్ దర్శనంలో వెళ్ళి వచ్చేవాళ్ళు. వాళ్ళ కార్యక్రమంలో క్యూలో జనాన్ని కూర్చోబెట్టే కంపార్ట్‌మెంట్ ఎప్పుడూ కనపడకపోవడానికి కారణం అదే.

ఎస్వీబీసీ వచ్చాక ఈ పని కూడా తగ్గింది. బ్రహ్మోత్సవాలకు ప్రైవేటు చానళ్ళు ఎస్వీబీసీ ఫీడ్ తీసుకుని వేసుకోవడం మొదలుపెట్టాయి. 2017లో తమిళానికి వేరే చానల్, 2021 అక్టోబరులో కన్నడం, హిందీ చానళ్ళు. అంటే తిరుమల దృశ్యానికి నిర్మాత టీటీడీయే అయింది. ఏ కోణంలో చూపించాలి, ఎంతసేపు, ఏ మాటలతో, అన్నీ వాళ్ళ నిర్ణయమే. బయటి సంస్థలకు అనుమతులు ఇవ్వలేదని కాదు, 2017లో నేషనల్ జియోగ్రాఫిక్ చానల్ తిరుమల మీద డాక్యుమెంటరీ ప్రసారం చేసింది. అంత పెద్ద పేరున్న సంస్థకు తలుపు తెరుచుకుంటుంది.

పక్కనున్న మలయాళంలో కథ వేరేగా నడిచింది. సంతోష్ జార్జ్ కులంగర అనే ఆయన తానే తిరిగి, తానే తీసి, తానే నిర్మించిన 'సంచారం' 2001లో ఏషియానెట్‌లో మొదలైంది. 2013కల్లా ఆయన ప్రయాణాల కోసమే సఫారీ అనే చానల్ పెట్టుకున్నాడు. దృశ్యం మీద హక్కు తిరిగిన మనిషిదే. తెలుగు టీవీలో అట్లాంటి మనిషి రాలేదు. యాంకరు చానల్ ఉద్యోగి, దృశ్యం చానల్‌ది. చివరికి ఆ హోస్టు, ఆ నిర్మాత, ఆ కెమెరామన్ ముగ్గురూ ఒకే మనిషిగా మనకు వచ్చింది టీవీలో కాదు, యూట్యూబులో. తిరుపతిలో వచ్చింది 2020లో, పనుల్లేక.

లాక్‌డౌన్‌లో సవారీలు పోయిన ట్యాక్సీ డ్రైవర్లు, జీతం ఆగిన లాడ్జి గుమాస్తాలు, చానళ్ళు పక్కన పెట్టిన స్ట్రింగర్లు కొందరు ఫోన్ పట్టుకున్నారు. జూన్‌లో దర్శనం మళ్ళీ మొదలయ్యే సరికి బయటి ఊళ్ళ వాళ్ళకు వంద సందేహాలు. టోకెన్ ఎక్కడిస్తారు? నడిచి పోవచ్చా? పిల్లల్ని, పెద్దవాళ్ళని రానిస్తారా? రూములు ఉన్నాయా? నిబంధన వారానికోసారి మారేది. ఈ కుర్రాళ్ళు పొద్దున్నే టోకెన్లిచ్చే విష్ణునివాసం ముందుకో, భూదేవి కాంప్లెక్స్ దగ్గరికో పోయి, లైను చూపించి, ఇప్పుడు ఇంత రద్దీ ఉంది సామీ అని చెప్పేవాళ్ళు. పట్టుచీర లేదు, వాయిస్ ఓవర్ లేదు. వెనకాల ఆటో హారన్. కానీ కరీంనగర్‌లోనో కాకినాడలోనో బస్సెక్కబోయే కుటుంబానికి కావాల్సింది సరిగ్గా అదే.

వీళ్ళ వాదన కాస్త వివరంగానే చెప్పాలి, ఎందుకంటే గొడవ వచ్చినప్పుడల్లా డ్యాన్సు వేసినవాళ్ళతో కలిపి వీళ్ళనీ ఒకే గాటన కట్టేస్తున్నారు. మేం గుడిని చూపించడం లేదు, గుడికి దారి చూపిస్తున్నాం అంటారు వీళ్ళు. ఆర్జిత సేవల లక్కీడిప్‌కు ఏ తేదీల్లో పేరివ్వాలి, 300 రూపాయల దర్శనం టికెట్లు మూడు నెలల ముందే ఏ రోజు వదులుతారు, శ్రీవారి మెట్టు దారికీ అలిపిరి దారికీ తేడా ఏమిటి, మోకాళ్ళ మిట్ట దగ్గర మోకాలి నొప్పి ఉన్నవాళ్ళు ఏం చేయాలి, ఇవే వీళ్ళ వీడియోలు. టీటీడీ వెబ్‌సైట్లో ఇందులో చాలా భాగం ఉంటుంది. కానీ అరవై ఏళ్ళ మనిషి వెబ్‌సైట్ చదవడు, వీడియో చూస్తాడు. 2023 ఆగస్టులో అలిపిరి కాలిబాటలో ఆరేళ్ళ పాపను చిరుత చంపేసింది. ఆ తర్వాత మధ్యాహ్నం 2 దాటితే 15 ఏళ్ళలోపు పిల్లలను నడక దారిలో పోనివ్వబోమన్నారు, నడిచేవాళ్ళ చేతికి కర్రలిచ్చారు. పొరుగు రాష్ట్రాల నుంచి బయల్దేరిన వాళ్ళకు ఇట్లాంటి మాట పేపరు కంటే ముందు ఫోన్లోనే చేరుతుంది.

2025 జనవరి 8 రాత్రి తిరుపతిలో వైకుంఠ ద్వార దర్శనం టోకెన్ల కోసం వచ్చినవాళ్ళలో తొక్కిసలాట జరిగి ఆరుగురు చనిపోయారు. ఏ కేంద్రంలో ఎంత జనం, ఏ గేటు ఎప్పుడు తెరుస్తారు అన్న సమాచారానికి విలువ ఎంతో ఆ తర్వాత ఎవరికీ విడమర్చి చెప్పాల్సిన అవసరం లేకపోయింది.

టీటీడీ వైపు వాదన చిన్నదే అయినా బలమైంది. అక్కడ భద్రత ప్రశ్న ఉంది, జనం కదలాల్సిన చోట ఒకడు ఆగి వీడియో తీస్తే వెనక వందమంది ఆగుతారు, అనుమతి లేకుండా పక్కవాళ్ళ ముఖాలు, ఆడవాళ్ళు, గుండు చేయించుకున్న పిల్లలు వీడియోల్లోకి ఎక్కుతారు. దర్శనం ఇప్పిస్తామనే దళారీలు కూడా ఇట్లాంటి వీడియోల చాటునే ఫోన్ నంబర్లు పంచుతారు. పైగా 2023 నుంచి జరిగిన సంఘటనలు వాళ్ళ పక్షానే మాట్లాడుతున్నాయి. 2023 జనవరిలో ఆలయం పైనుంచి తీసిన డ్రోన్ దృశ్యాలు బయటకొచ్చాయి. ఆగమం ప్రకారం ఆలయం మీదుగా ఏదీ ఎగరకూడదంటారు, విమానాలు కూడా పోకుండా చూడాలని దేవస్థానం కేంద్రాన్ని ఎప్పటినుంచో అడుగుతోంది. అదే ఏడాది మే నెలలో ఒక భక్తుడు ఫోన్ దాచుకుని లోపలికి తీసుకెళ్ళి గర్భాలయం మీది ఆనందనిలయ గోపురాన్ని చిత్రీకరించాడు. 2025 ఏప్రిల్‌లో రాజస్థాన్ నుంచి వచ్చిన యూట్యూబర్ మళ్ళీ డ్రోన్ ఎగరేసి దొరికాడు.

వీటన్నింటికంటే ఊళ్ళో వాళ్ళకు కడుపు మండించింది 2024 జూలై నాటి ప్రాంక్ వీడియో. తమిళనాడు నుంచి వచ్చిన యూట్యూబర్లు నారాయణగిరి క్యూ షెడ్లలో సిబ్బందిలా నటిస్తూ తాళం తీయబోయారు. గంటల తరబడి కూర్చున్న జనం గేటు తెరుస్తున్నారనుకుని ఆశగా లేచారు. వాళ్ళేమో నవ్వుకుంటూ పరుగెత్తారు. దాన్ని సమర్థించిన తిరుపతి వ్లాగర్ ఒక్కడూ నాకు కనపడలేదు. అసలు ఇక్కడి వ్లాగర్ల కష్టమంతా ఆ వీడియోతోనే పెరిగింది. అప్పటినుంచి సెల్ఫీ స్టిక్ కనిపిస్తే చాలు, విజిలెన్స్ సిబ్బంది దగ్గరికొచ్చి ఎవరు, ఏ చానల్ అని అడగడం మొదలైంది.

ఇంకో సంగతి, దీన్ని రెండు వైపులా ఎవరూ పెద్దగా ఎత్తరు. ఆలయం ముందు ఎక్కువ కెమెరాలు పోగయ్యేది వీఐపీలు దర్శనం చేసుకుని బయటికొచ్చినప్పుడు. మైకులు తోసుకుంటాయి, బైట్లు తీసుకుంటారు, మామూలు భక్తులు పక్కకు తప్పుకుని పోతారు. 2024 నవంబరులో బాధ్యతలు తీసుకున్న ఛైర్మన్ బి.ఆర్.నాయుడు టీవీ5 అధిపతి, కాబట్టి ఈ తతంగం ఆయనకు కొత్త కాదు. ఆయన బోర్డు తొలి సమావేశంలోనే కొండ మీద రాజకీయ వ్యాఖ్యలను నిషేధించింది. మంచిదే. అయితే నిషేధం మాటల మీద, కెమెరాల గుంపు మీద కాదు.

ప్రస్తుతానికి తిరుపతి వ్లాగర్లు చాలామంది కొండ దిగేశారు. కొందరు తలకోన, గుడిమల్లం, చంద్రగిరి కోట అంటూ తిరుగుతున్నారు. వాటికీ ఎప్పటినుంచో ఒక మంచి హోస్టు కావాలి గాని, చూసేవాళ్ళు తక్కువ. దర్శనం సమాచారం చెప్పేవాళ్ళు అలిపిరి దగ్గరే ఆగిపోతున్నారు. కొండ మీది దృశ్యం కావాలంటే ఎస్వీబీసీ క్లిప్పు వాడాలి, అది వాడితే కాపీరైట్ టెన్షన్. అందుకని ఇప్పుడు వీడియోల్లో టోకెన్ ఫోటో, మ్యాపు, గొంతు మాత్రమే ఉంటున్నాయి. పాత రోజుల్లో చానళ్ళకు అనుమతి లెటరు పద్ధతి ఉన్నట్టే ఫలానా చోట, ఫలానా టైములో తీసుకోండని తమకూ ఒక కాగితం ఇస్తే చాలంటున్నారు వాళ్ళు. 2025 జూలై హెచ్చరిక గురి అంతా డ్యాన్సులు, వెకిలి చేష్టల మీదే, దారి చెప్పే వీడియోల ఊసు అందులో లేదు.