14కీ 18కీ మధ్య: ఆడపిల్ల చదువు మీద అపోహలు – వాస్తవాలు

నేను నడిగడ్డలో, అంటే కృష్ణా తుంగభద్రల నడుమనున్న గద్వాల ప్రాంతంలో, కస్తూర్బా బాలికా విద్యాలయంలో బయాలజీ చెప్తాను. మా ఉద్యోగంలో పాఠం సగమే. మిగతా సగం బడికి రాని పిల్లల ఇళ్ళకు వెళ్ళి అరుగు మీద కూర్చోవడం, అమ్మానాన్నలతో, తాతలతో, ఒక్కోసారి కాబోయే అత్తగారితో కూడా మాట్లాడటం. ఆ అరుగుల మీద విన్నవి కొన్ని, మా స్టాఫ్ రూముల్లో విన్నవి కొన్ని ఇక్కడ రాస్తున్నాను. రెండో రకమే ఎక్కువ ఉండొచ్చు.

కస్తూర్బాలంటే తెలియనివాళ్ళకు ఒక్క మాట. ఆడవాళ్ళ అక్షరాస్యత బాగా తక్కువున్న మండలాల్లో, ఆడపిల్లలు ఉండి చదువుకునేందుకు 2004లో కేంద్రం మొదలుపెట్టిన బడులివి. 75 శాతం సీట్లు ఎస్సీ, ఎస్టీ, బీసీ, మైనారిటీ పిల్లలకు. మిగతావి దారిద్ర్యరేఖకు దిగువనున్న ఇళ్ళ పిల్లలకు. మొదట్లో 8వ తరగతి దాకానే ఉండేవి. తర్వాత 10కి పెరిగాయి. 2018లో సమగ్ర శిక్ష అనే కేంద్ర పథకం వచ్చాక చాలా చోట్ల ఇంటర్ కూడా వచ్చింది. 8వ తరగతి అంటే 14 ఏళ్ళు. ఈ అంకె గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది.

అపోహ: ఆ ఊళ్ళవాళ్ళకు ఆడపిల్లల్ని చదివించాలని ఉండదు.

జూన్‌లో ఒకసారి మా గేటు దగ్గర నిలబడి చూడండి. ట్రంకుపెట్టె, బకెట్, చెంబు, పాత దుప్పటి, అమ్మ, పిల్ల. సీటు లేదంటే పొద్దుగూకేదాకా కదలరు. "నా లెక్క కావద్దు మేడం నా బిడ్డ" అనే మాట ఎంతమంది నోట విన్నానో. చదివించాలని ఉంది, అందులో అనుమానం లేదు.

తిప్పలు ఆగస్టులో మొదలవుతాయి. మా దగ్గర సీడ్ పత్తి పండిస్తారు. ఇది మామూలు పత్తి చేను కాదు. హైబ్రిడ్ విత్తనం కావాలంటే ప్రతి పువ్వునూ చేత్తో సంకరం చేయాలి. మావాళ్ళు 'క్రాసింగ్' అంటారు. సాయంత్రం చేలోకి దిగి, మర్నాడు విచ్చుకోబోయే మొగ్గల్ని వెతికి పట్టుకుని, రేకులు, పుప్పొడి తిత్తులు గోటితో ఒలిచేసి, మధ్యనున్న కీలానికి, అంటే పువ్వులోని ఆడ భాగానికి, దెబ్బ తగలకుండా వదిలేయాలి. పొద్దున్నే మగ చెట్ల పూలు తెంపి తెచ్చి ఆ కీలం కొనకు రుద్దాలి. ఇలా నెలల తరబడి రోజూ. ఒక్క పూట తప్పితే ఆ పూట మొగ్గలన్నీ పోయినట్టే. అందుకే సీడ్ రైతులు, కంపెనీలకూ రైతులకూ నడుమనుండే ఆర్గనైజర్లు ముందే అడ్వాన్సులిచ్చి కూలీల్ని కట్టేసుకుంటారు. దసరా సెలవులకు ఇంటికెళ్ళిన పిల్ల దీపావళి దాటినా రాకపోతే, ఎక్కడుందో మాకు అడగకుండానే తెలుసు.

అపోహ: ఆ పని ఆడపిల్లల వేళ్ళకే వస్తుంది.

రైతులే కాదు, చదువుకున్నవాళ్ళు కూడా దీన్ని సైన్సులా చెప్తారు. ఆడపిల్లల వేళ్ళు సుకుమారం, మొగ్గ చితకదు, ఎత్తు కూడా చెట్టుకు సరిపోతుంది అని. బయాలజీ టీచరుగా చెప్తున్నాను, పన్నెండేళ్ళ మగపిల్లాడి వేళ్ళకూ ఆడపిల్ల వేళ్ళకూ ఆ మొగ్గ దగ్గర తేడా ఏమీ ఉండదు. తేడా కూలిలో ఉంటుంది, ఎదురు చెప్పడంలో ఉంటుంది. ఆడపిల్లకు తక్కువిస్తే చాలు, తల వంచుకుని చేస్తుంది, మధ్యలో బీడీకని పక్కకు పోదు. ఈ 'తల వంచుకుని' అనేది ఆమెతో పుట్టిన గుణం కాదు. ఇంట్లో, చేలో, చెప్పడానికి కష్టంగా ఉన్నా, బడిలో కూడా రోజూ నేర్పిన పాఠం.

బడిలో ఎలా అంటారా? మామూలు హైస్కూళ్ళలో తరగతి గది ఊడ్చేది ఎవరు? అతిథి వస్తే పళ్ళెం పట్టుకుని స్వాగతం చెప్పేది ఎవరు? జనవరిలో ఆడపిల్లలకు ముగ్గుల పోటీ, మగపిల్లలకు క్రికెట్. ముగ్గు మంచి కళే, నాకూ ఇష్టమే. మరి ఆ రోజు బ్యాటు పట్టుకుంటానన్న పిల్లను చూసి నవ్వింది ఎవరు? 1962లోనే హంసా మెహతా కమిటీ ఆడపిల్లలకు వేరే, మగపిల్లలకు వేరే పాఠ్యప్రణాళిక అక్కర్లేదని, ఇంటిపని నేర్పే సబ్జెక్టు ఉంటే మిడిల్ దాకా ఇద్దరికీ ఉండాలని చెప్పింది. అంతకు ముందు 1958లో వేసిన మహిళా విద్య జాతీయ కమిటీకి అధ్యక్షురాలు మన రాజమండ్రి బిడ్డ దుర్గాబాయి దేశ్‌ముఖ్. ఎనిమిదేళ్ళకే పెళ్ళి చేస్తే, ఊహ తెలిశాక ఆ పెళ్ళి వద్దనుకుని బయటకొచ్చి చదువుకున్న మనిషి. అరవై ఏళ్ళు దాటాయి, చీపురు మాత్రం చేతులు మారలేదు.

అపోహ: నెలసరి వల్లే ఆడపిల్లలు బడి మానేస్తున్నారు. ప్యాడ్లు ఇస్తే సరిపోతుంది.

ప్యాడ్లు ఇవ్వాలి, నీళ్ళొచ్చే బాత్రూం ఉండాలి, తలుపుకు గడియ ఉండాలి. ఇవి పిల్లకు గౌరవంగా దక్కాల్సినవి. అయితే బడి మానడానికి అసలు కారణం అదే అనుకుంటే పొరపాటు. నేపాల్‌లోని చిత్వన్‌లో చేసిన ఒక పరిశోధన 2011లో అచ్చయింది. 180 రోజుల బడిలో నెలసరి వల్ల పిల్లలు మానేది సగటున అర రోజు కూడా లేదని, నెలసరికి వాడే కప్పులిచ్చినా హాజరులో తేడా రాలేదని అందులో తేలింది. నేను రోజూ చూసేదీ దానికి దగ్గరగానే ఉంది.

బడికి దూరం చేసేది రక్తం కాదు, ఫంక్షన్. పిల్ల పెద్దమనిషి అయిందనగానే మూల కూర్చోబెడతారు, మేనమామ ఓణీ తెస్తాడు, ఊరి చౌరస్తాలో పిల్ల ఫోటోతో ఫ్లెక్సీ లేస్తుంది, అప్పు చేసి అయినా భోజనాలు పెడతారు. అందులో ముద్దూ ఉంది, సంబరమూ ఉంది, కాదనను. కానీ ఊరు ఊరంతా ఆ పిల్లకు ఒకే మాట చెప్పి పంపుతుంది: నువ్వింక పెళ్ళీడు పిల్లవి. విస్తరి దగ్గరే మేనబావ ఊసు వస్తుంది. నిన్నటిదాకా ఆమె ఏడో తరగతి ఫస్ట్ బెంచి పిల్ల, ఖోఖో జట్టులో పరుగు పిల్ల.

తిరిగొచ్చాక చూడండి. వెనక బెంచికి జరుగుతుంది. చున్నీకి రెండు భుజాల మీదా పిన్నులు. నేనైతే బోర్డు దగ్గర కనిపెడతాను. లెక్క చేయమని పిలిస్తే బోర్డు కింది సగంలోనే రాస్తుంది. పైకి రాయాలంటే చెయ్యెత్తాలి, చెయ్యెత్తితే పై బట్ట లేస్తుంది, వెనక నలభైమంది చూస్తున్నారు. మాదంతా ఆడపిల్లల బడి, అయినా ఇదే వరస. అందుకే నేను ఏడు, ఎనిమిది తరగతుల్లో అందరిచేతా బోర్డు పై సగంలోనే రాయిస్తాను. పొట్టి పిల్లలకు స్టూలు. పెద్దమనిషైన పిల్లను వారంలోగా ఆటకు దింపుతాం. పీఈటీ మేడం ఈ విషయంలో నాకన్నా మొండిది.

అపోహ: బాల్యవివాహాలకు పేదరికమే కారణం.

పేదరికం ఒక కారణం. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం, 20–24 ఏళ్ళ ఆడవాళ్ళలో 18 నిండకముందే పెళ్ళయినవాళ్ళు దేశంలో 23.3 శాతం. తెలంగాణలో 23.5, ఆంధ్రప్రదేశ్‌లో 29.3. మనకన్నా పేద రాష్ట్రాలైన ఒడిశాలో 20.5, ఛత్తీస్‌గఢ్‌లో 12.1. పేదరికమే మొత్తం కథ అయితే ఈ అంకెలు తలకిందులుగా ఉండాలి.

అరుగు మీద గంట కూర్చుంటే అసలు మాట బయటికొస్తుంది. "ఎవనితోనన్న పోతే మా మొకం ఏడ పెట్టుకోవాలె మేడం?" భయం అది. కులం, పరువు, చేతిలో ఫోను. తొమ్మిదో తరగతి పిల్ల ఫోన్లో ఎవరితోనో మాట్లాడిందని తెలిస్తే నెల తిరక్కుండా సంబంధం చూస్తారు. అదే పని అన్న చేస్తే తిట్టి వదిలేస్తారు. ఇక్కడ స్కాలర్‌షిప్పు గురించి ఉపన్యాసం ఇస్తే పనిచేయదు. హాస్టల్లో పిల్ల ఎవరి బాధ్యతలో ఉంది, రాత్రి ఎవరుంటారు, ఇంటికి ఎవరితో పంపుతాం, ఇవి సూటిగా చెప్తే కొంత పనిచేస్తుంది.

చట్టాల పట్టు కూడా సరిగ్గా ఈ వయసులోనే సడలుతుంది. విద్యాహక్కు చట్టం 6 నుంచి 14 దాకానే. 14 దాటితే ప్రమాదకరం కాని పనిలో పెట్టుకోవడానికి బాలకార్మిక చట్టం అడ్డు చెప్పదు. పెళ్ళికి 18 నిండాలి. నడుమ నాలుగేళ్ళు పిల్ల బడిలో ఉండాలని ఏ చట్టమూ గట్టిగా పట్టుబట్టదు. ఇంట్లో అవి పెళ్ళి కోసం ఎదురుచూసే ఏళ్ళు. మేం వాటిని ఇంటర్ దాకా లాగాలని చూస్తాం.

అపోహ: ప్రతి ఏటా అమ్మాయిలదే పైచేయి, ఇంకేం సమస్య?

2024 పది ఫలితాల్లో తెలంగాణలో అమ్మాయిలు 93.23 శాతం, అబ్బాయిలు 89.42 శాతం పాసయ్యారు. ఆంధ్రలో 89.17, 84.32. సంతోషమే. ఇది పరీక్ష రాసినవాళ్ళ లెక్క. క్రాసింగుకు పోయిన పిల్ల, పెళ్ళయిన పిల్ల హాల్‌టికెట్ దాకా రాలేదు కాబట్టి ఆమె ఫెయిల్ కిందా రాదు.

అపోహ: ఆడపిల్లలకు లెక్కలు పట్టుబడవు.

పై అంకెలే జవాబు. పది తర్వాత ఎంపీసీ వదిలేసేది ఎక్కువగా కాలేజీ దూరం వల్ల, 'నర్సింగైతే సంబంధం దొరుకుద్ది' అనే మాట వల్ల. ఐఐటీల్లో 2018 నుంచి అమ్మాయిలకు అదనపు సీట్లు పెట్టాల్సి వచ్చింది కూడా ఈ దారి ఇంత ముందే ఇరుకైపోవడం వల్లే. బస్సు దూరాల సంగతికొస్తే, 2023 డిసెంబరు నుంచి తెలంగాణలో ఆడవాళ్ళకు ఉచిత ప్రయాణం వచ్చాక ఛార్జీల సాకు తగ్గింది. బస్సే రాని ఊళ్ళకు అది వర్తించదనుకోండి.

అపోహ: ఆడపిల్ల చదువు ఇంటికి వెలుగు.

ఇది మా గోడల మీదే రాసి ఉంటుంది, అందుకని దీన్ని అపోహంటే తోటి టీచర్లకు కోపం రావచ్చు. 1874లో కందుకూరి ధవళేశ్వరంలో ఆడపిల్లలకు బడి పెట్టినప్పుడు, చదివితే మంచి ఇల్లాలవుతుందని చెప్తేనే పెద్దలు వినే కాలం. ఆ రోజులకది చెల్లింది. ఇప్పుడు కూడా చదువును ఇంటి లాభంతోనే సమర్థిస్తే, ఇంటికి లాభం లేదనిపించిన రోజున ఆపేస్తారు. మగపిల్లాడి చదువు ఎవరికి వెలుగో ఏ గోడ మీదా చూడలేదు నేను. "నీకేం కావాలనుంది?" అని అడిగితే మా పిల్లలు మొదట "మా నాన్న..." అని మొదలుపెడతారు. ఓపిగ్గా రెండోసారి అడగాలి.

అపోహ: పెళ్ళి చేసేశాక ఇంక ఏం చేయలేం.

2006 బాల్యవివాహ నిషేధ చట్టం కింద, మైనరుగా ఉన్నప్పుడు పెళ్ళయిన పిల్ల, మేజరయ్యాక రెండేళ్ళలోపు, అంటే 20 నిండేదాకా, ఆ పెళ్ళిని రద్దు చేయమని కోర్టును కోరవచ్చు. చేయించినవాళ్ళకు రెండేళ్ళ దాకా కఠిన జైలు, లక్ష రూపాయల దాకా జరిమానా పడవచ్చు. చదువు సంగతికొస్తే, విద్యాహక్కు చట్టంలో పెళ్ళయిందా లేదా అన్న ప్రశ్నే లేదు. రెగ్యులర్ బడి కుదరకపోతే 14 నిండినవాళ్ళు ఓపెన్ స్కూల్లో పది కట్టవచ్చు.

పెళ్ళి జరగబోతోందని తెలిస్తే పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేయండి. ఉచితం, రాత్రయినా తీస్తారు. అధికారులు వచ్చినప్పుడు ఇంటివాళ్ళు పిల్లకు 18 నిండాయని ఏదో ఒక కార్డు చూపిస్తారు. వయసు తేల్చడానికి బాలల న్యాయ చట్టం ముందుగా చూసేది బడి ఇచ్చిన పుట్టినతేదీ ధ్రువపత్రాన్ని. ఆ తేదీ మన టీచర్ల దగ్గరున్న అడ్మిషన్ రిజిస్టర్‌లోనే ఉంటుంది. కాబట్టి ఏడాది మధ్యలో టీసీ కోసం వచ్చినవాళ్ళను కూర్చోబెట్టి, కారణం అడిగి, పిల్లతో విడిగా ఒక్కసారి మాట్లాడాకే సంతకం పెట్టండి.