తాగింది ఒక్క రోజులో కాదు

చిరంజీవులైన పిల్లలకు,

ఆశీస్సులు. 1978 నవంబరు 18న దక్షిణ అమెరికాలోని గయానా అడవిలో, జోన్స్‌టౌన్‌లో 909 మంది చనిపోయారు. వాళ్లలో మూడు వందల మందికి పైగా పిల్లలే. పాస్టర్ జిమ్ జోన్స్ విషం తాగమన్నాడు. అంత తెలివితక్కువవాళ్లా అంటారేమో, కాదు. టీచర్లూ నర్సులూ లాయర్లూ ఉన్నారు వాళ్లలో.

1950ల్లో అమెరికాలోని ఇండియానాపోలిస్‌లో జోన్స్ చేసినవి మంచి పనులే. నల్లవాళ్లూ తెల్లవాళ్లూ పక్కపక్కన కూర్చునే చర్చి నడిపాడు, పేదలకు అన్నం పెట్టాడు. జనం చేరింది అందుకే. ఆ తర్వాత మహిమలు మొదలయ్యాయి. అనుచరులు భక్తుల ఇళ్ల సంగతులు ముందే ఆరా తీసి అందిస్తే, దేవుడు చెప్పినట్టు వేదిక మీద చెప్పేవాడు. కోడి పేగులూ కార్జాలూ చూపించి కేన్సర్ గడ్డ రాలిపోయిందనేవాడు. ఇది మోసమని సహాయకులకు తెలుసు. పదిమందికి మేలు జరుగుతోంది కదా అని సర్దుకున్నారు. నన్నడిగితే అసలు ఉచ్చు ఇక్కడే ఉంది: అబద్ధంలో ఒకసారి చేయి కలిపాక, దాన్ని బయటపెడితే తామూ దొంగలే అవుతారు.

డబ్బూ అంతే. మొదట ఆదాయంలో కొంత, తర్వాత నాలుగోవంతు, చివరికి ఇల్లు, పింఛను. వెళ్లిపోదామంటే చేతిలో పైసా ఉండదు. చేయని నేరాలు చేసినట్టు కాగితాల మీద సంతకాలు పెట్టించుకునేవారు. భార్య మీద భర్త, తల్లి మీద బిడ్డ అందరి ముందూ చాడీ చెప్పాలి. దాంతో ఇంట్లో కూడా మనసు విప్పే ధైర్యం పోయింది.

1977లో వందలమందిని గయానాకు తరలించి పాస్‌పోర్టులు లాక్కున్నారు. ఉత్తరాలు చదివాకే పంపేవారు. పొలంలో చాకిరీ, చాలీచాలని తిండి, రాత్రి కూడా లౌడ్‌స్పీకర్లో ఆయన గొంతే. నిద్రలేని మనిషికి తర్కం పనిచేయదు. అర్ధరాత్రి లేపి, శత్రువులు వచ్చేశారని భయపెట్టేవాడు. ఒకసారి గ్లాసులిచ్చి విషమన్నాడు. తాగాక, ఇది మీ విశ్వాసానికి పరీక్ష అన్నాడు. అలా సాధన అయిపోయింది. అసలు రోజున చుట్టూ తుపాకులు, ముందు పసిపిల్లలకు విషం. బిడ్డ పోయాక తల్లి ఎవరి కోసం ఎదురుతిరుగుతుంది? దాన్ని ఆత్మహత్య అనడం నాకు ఒప్పుకోబుద్ధి కాదు.

మిమ్మల్ని ఎవరైనా ఏ బృందంలోకైనా పిలిస్తే, మానేసినవాళ్లను వెతికి మాట్లాడండి. వాళ్ల పేరెత్తితేనే ద్రోహులంటున్నారా, చూడండి.

జోన్స్‌టౌన్‌లో విషం తాగించిన రోజు ఉదయమే పదకొండుమంది పిక్నిక్ అని చెప్పి బయటపడ్డారు, ఒకామె మూడేళ్ల కొడుకుతో సహా. రైలుపట్టాల వెంట సుమారు 50 కిలోమీటర్లు నడిచి బతికారు. చాడీల ఊళ్లో ఒకరినొకరు నమ్మి, రహస్యంగా మాట్లాడుకోగలిగారు కాబట్టే అది కుదిరింది.

మీ తాతయ్య